బావ చీరల పేజీ నుంచి మేనల్లుడి గేమ్ దాకా: యాప్‌లను సాఫు చేస్తున్న డైరీ

పని ఏమిటంటే, పోచంపల్లిలో మా అక్కాబావల చీరల కొట్టు ఫేస్‌బుక్ పేజీకి, ఇంట్లో అందరి సొంత ఖాతాలకు ఏయే యాప్‌లు, ఏయే గేమ్‌లు తగులుకొని ఉన్నాయో వెతికి అక్కర్లేనివి తీసేయడం. ఆ తర్వాత, తీసేసిన వాటి దగ్గర మిగిలిపోయిన మన డేటాను చెరిపించడం. మొదటి సగం తేలిక. రెండో సగం ఇంకా నడుస్తోంది. చౌటుప్పల్‌లో కంప్యూటర్ రిపేరు కొట్టు నాది కాబట్టి ఈ పని నా నెత్తిన పడింది. వీలైన ఆదివారాల్లో వెళ్లి చేస్తున్నాను.

ఎందుకు మొదలైంది

పేజీలో ఎవరూ పెట్టని పోస్టర్లు వస్తున్నాయి. పండగైనా, ఏదో ఒక అంతర్జాతీయ దినోత్సవమైనా తెల్లారేసరికి శుభాకాంక్షల బొమ్మ తయారుగా ఉంటుంది. పైన కొట్టు పేరు, కింద ఎప్పుడో వదిలేసిన పాత ఫోన్ నంబరు. ఆ నంబరు ఇప్పుడు వేరే ఆయనకు వెళ్లింది. చీరల కోసం వచ్చే ఫోన్లు ఎత్తలేక, పేజీలో ఉన్న కొత్త నంబరు పట్టుకొని బావకే ఫోన్ చేసి గరమయ్యాడు.

బావకు అంతకన్నా మండింది వేరే విషయం. పోస్టర్ వెనకాల వేసిన బొమ్మ అచ్చు చీరది, పోచంపల్లి డిజైన్‌ను బట్ట మీద ప్రింటు కొట్టిన రకం. నూలుకు చిటికి కట్టి, అంటే అక్కడక్కడా ముడులేసి, రంగులద్ది, మగ్గం మీద నేసిన ఇక్కత్ చీరలమ్మే కొట్టు పేజీలో అది! “ఇది చూసినోళ్లు మనం గూడ ప్రింటే అమ్ముతున్నమనుకోరా బామ్మర్దీ?” అన్నాడు. అడిగిందాంట్లో తప్పేం లేదు. దగ్గర్నుంచి చూస్తే ఇక్కత్‌లో డిజైన్ అంచు కొంచెం చెదిరినట్టు ఉంటుంది, ప్రింటులో గీత గీసినట్టు ఉంటుంది. కొనేవాళ్లలో ఆ తేడా తెలిసినవాళ్లే బావకు అసలు గిరాకీ.

మొదటి ఆదివారం: పోస్టరు పెడుతున్నది ఎవరు?

నేను వెళ్లేసరికే బావ పాస్‌వర్డ్ మార్చేశాడు. అక్కతోనూ మార్పించాడు. అయినా ఆ వారం ఇంకో పోస్టరు పడింది. చాలామంది ఇక్కడే ఆగిపోయి, అకౌంట్ హ్యాక్ అయిందని టెన్షన్ పడతారు.

హ్యాక్ కాలేదు. అడ్మిన్‌గా లాగిన్ అయి చూస్తే పోస్టు పైన ‘పబ్లిష్డ్ బై’ అని ఒక పేరు కనిపిస్తుంది. మనుషులు పెడితే మనిషి పేరు, యాప్ పెడితే యాప్ పేరు. ఇక్కడున్నది పండగ పోస్టర్లు తయారు చేసిపెట్టే ఒక యాప్ పేరు. కొట్టు పేరు, నంబరు, లోగో ఒకసారి ఇస్తే ఏడాది పొడుగునా బొమ్మలు అదే తయారు చేసి పేజీలో వేస్తుంది. పెట్టినవాళ్లు మరిచిపోయినా అది మరిచిపోదు.

బావ ఫోన్‌లో సెట్టింగ్స్‌లోకి వెళ్లి ‘యాప్స్ అండ్ వెబ్‌సైట్స్’ తెరిచాను. ఆ యాప్ లేదు. అక్క ఫోన్‌లోనూ లేదు. ఫేస్‌బుక్‌లో ఇలాంటి లిస్టు ఒక్కటే ఉండదు. మన సొంత ఖాతాతో లాగిన్ అయిన గేమ్‌లు, షాపింగ్ సైట్లు ఈ లిస్టులో ఉంటాయి. మన పేజీలను, ప్రకటనలను నడిపే అనుమతి తీసుకున్న యాప్‌లు ‘బిజినెస్ ఇంటిగ్రేషన్స్’ అనే ఇంకో లిస్టులో ఉంటాయి. మొదటిది ఎంత శుభ్రం చేసినా రెండోది అలాగే ఉంటుంది. పేజీ ఉన్నవాళ్లు తప్పకుండా చూడాల్సింది రెండోదే.

చూశాం. బావది ఖాళీ. అక్కదీ ఖాళీ.

ఇక మిగిలింది పేజీ సెట్టింగ్స్‌లోని ‘పేజీ యాక్సెస్’. అక్కడ బావ, అక్కతో పాటు పూర్తి అధికారంతో మూడో పేరు ఉంది, ఒకప్పుడు కొట్టులో చీరలకు ఫోటోలు తీసిన పిల్లాడిది. ఇప్పుడు హైదరాబాద్‌లో వేరే పనిలో ఉన్నాడు. ఫోన్ చేస్తే, “అన్నా, నేను ఆ యాప్ ఎప్పుడో తీసేసిన” అన్నాడు. ఫోన్‌లోంచి తీసేశాడు, నిజమే. అతని ఫేస్‌బుక్‌లో ‘బిజినెస్ ఇంటిగ్రేషన్స్’ తెరిపిస్తే మొదటి వరుసలోనే ఉంది. వీడియో కాల్‌లో నాకు చూపిస్తూనే ‘రిమూవ్’ నొక్కాడు. పేజీలో అతని యాక్సెస్ కూడా అతనికి చెప్పే తీసేశాం. పోస్టర్లు ఆగాయి.

పాస్‌వర్డ్ మారిస్తే ఎందుకు ఆగలేదు

ఇది బావకు చెప్పడానికి కొంచెం తిప్పలయింది. ‘ఫేస్‌బుక్‌తో లాగిన్ అవ్వండి’ అని నొక్కినప్పుడు మన పాస్‌వర్డ్ ఆ యాప్‌కు వెళ్లదు. ‘ఫలానా పనుల వరకు ఈ యాప్‌ను రానివ్వొచ్చు’ అని ఫేస్‌బుక్ దానికి ఒక టోకెన్ ఇస్తుంది. ఓఆథ్ అంటారు ఈ పద్ధతిని. ఇప్పుడు అందరూ వాడే ఓఆథ్ 2.0 ప్రమాణంగా వచ్చింది 2012లో. కొట్టులో పనిచేసే మనిషికి షట్టర్ తాళం చెవి ఒకటి చేయించి ఇచ్చినట్టు. బావ తన ఇంటి తాళం మార్చుకుంటే, ఇంకొకరు చేయించి ఇచ్చిన ఆ షట్టర్ చెవి పనికిరాకుండా పోదు.

పద్ధతి చెడ్డదేమీ కాదు. ఊరూ పేరూ తెలియని యాప్‌కు పాస్‌వర్డ్ అప్పజెప్పడం కన్నా వెయ్యి రెట్లు నయం. చిక్కంతా గడువు దగ్గరే. మామూలు మనిషి ఖాతా మీద ఇచ్చే దీర్ఘకాలపు టోకెన్‌కు దాదాపు 60 రోజుల ఆయుష్షు. దాని మీద పేజీ కోసం తీసుకున్న దీర్ఘకాలపు టోకెన్‌కు మామూలుగా గడువు తేదీ ఉండదు. అది మన పిల్లాడి ఖాతా మీద పుట్టింది కాబట్టి అతను తీసేస్తేనే పోయింది. బావ తన పాస్‌వర్డ్ ఎన్నిసార్లు మార్చుకున్నా దానికి పట్టదు.

తర్వాతి వారం: అక్క లిస్టు, బావ లిస్టు

పేజీ పని అయిపోయింది కదా అని వదిలేయొచ్చు. కానీ అక్క ‘యాప్స్ అండ్ వెబ్‌సైట్స్’ లిస్టు ఆ రోజు కంటపడింది కదా, అది చూశాక ఎలా వదులుతాం! లిస్టు మూడు భాగాలు: యాక్టివ్, ఎక్స్‌పైర్డ్, రిమూవ్డ్. మీ ఫోన్‌లో పేర్లు కొంచెం అటూ ఇటూ ఉండొచ్చు.

అక్కవి ఎక్కువ ‘ఎక్స్‌పైర్డ్’లోనే ఉన్నాయి. పోయిన జన్మలో నువ్వెవరు, ఏ హీరోయిన్ పోలికలున్నాయి, నీ పేరులోని మొదటి అక్షరం ఏం చెబుతోంది, అన్నీ అవే. 90 రోజులు వాడకపోతే యాప్‌కు కొత్త డేటా అందకుండా ఫేస్‌బుక్ 2018లో పెట్టిన కట్టడి వల్ల అవి ఆ గూటిలోకి వెళ్లాయి. “గడువు అయిపోయిందంటే పోయినట్టే కదరా?” అంది అక్క. పోలేదు. ఇక ముందు మన గురించి కొత్తగా అడగలేవు, అంతే. అప్పుడు తీసుకున్నది అప్పటి నుంచి వాళ్ల దగ్గరే ఉంటుంది.

ఆ ‘అప్పుడు’ ఎంత తీసుకునేవారో తెలిస్తే ఈ పని ఎందుకో తెలుస్తుంది. ఫేస్‌బుక్ 2007లో బయటి యాప్‌లకు తలుపులు తెరిచింది. మొదట్లో ఒక మనిషి యాప్‌ను ఒప్పుకుంటే, ఆ మనిషి స్నేహితుల వివరాలు కూడా ఆ యాప్ లాగేసుకునే వీలుండేది. స్నేహితులను అడిగే పనే లేదు. 2014లో కొత్త నియమాలు ప్రకటించి, పాత యాప్‌లకు 2015 ఏప్రిల్ చివరి దాకా గడువిచ్చి ఆ దారి మూశారు. మూసేలోపే ‘దిస్ ఈజ్ యువర్ డిజిటల్ లైఫ్’ అనే ప్రశ్నల యాప్‌ను సుమారు 2,70,000 మంది వేసుకున్నారు. దాని వల్ల 8.7 కోట్ల మంది దాకా వివరాలు ఎన్నికల ప్రచారాలకు పనిచేసే కేంబ్రిడ్జ్ అనలిటికా అనే కంపెనీ చేతికి వెళ్లి ఉండొచ్చని 2018లో ఫేస్‌బుక్కే చెప్పింది. మన దేశం లెక్క వేరుగా ఇచ్చారు: యాప్ వేసుకున్నవాళ్లు 335 మంది, స్నేహితుల ద్వారా తగిలి ఉండగలవాళ్లు 5,62,120 మంది. ఆ వ్యవహారంలో మన సీబీఐ 2021 జనవరిలో కేసు పెట్టింది.

ఈ లెక్క చెప్పగానే బావ, “అంటే మీ అక్క ఆడిన ఆటకు నా వివరాలు గూడ పోయినయా?” అని అక్క దిక్కు చూశాడు. ఆయన లిస్టు తెరిచాక మాట మార్చాడు. 2020 డిసెంబరు 31న ఫేస్‌బుక్‌లో మూతపడ్డ ఫార్మ్‌విల్ అనే వ్యవసాయం గేమ్ అందులో ఇంకా పేరుకు ఉంది. ఇంటి చెలక కౌలుకిచ్చేసి, నెట్ సెంటర్‌లో గంటకింతని డబ్బు కట్టి స్క్రీన్ మీద పంట కోసిన మనిషి ఆయన.

ఒక్కో యాప్ పక్కన ‘వ్యూ అండ్ ఎడిట్’ నొక్కితే అది ఏమేం చూస్తోందో వస్తుంది. పేరు, ప్రొఫైల్ బొమ్మ తప్పనిసరి, వాటిని ఆపలేం. ఈమెయిల్, పుట్టినరోజు, స్నేహితుల లిస్టు లాంటివి విడివిడిగా ఆపుకోవచ్చు. ‘ఈ యాప్ వాడుతున్నట్టు ఎవరికి కనిపించాలి’ అన్నచోట ‘ఓన్లీ మీ’ పెట్టుకోవచ్చు. వాడే యాప్‌లకు ఇది చేశాం. వాడనివి ‘రిమూవ్’. తీసేసేటప్పుడు వచ్చే పెట్టెలో, ఆ యాప్ మన టైమ్‌లైన్ మీద వేసిన పోస్టులు, వీడియోలు కూడా తీసేయాలా అని ఒక గడి ఉంటుంది. చాలామంది దాన్ని చదవకుండానే ముందుకు వెళ్తారు. అందులో టిక్ పెడితేనే అవీ పోతాయి. అక్క టైమ్‌లైన్‌లోని హీరోయిన్ పోలికలు అలాగే పోయాయి. ఒకటి ఉంచుకుంటానంది, స్క్రీన్‌షాట్ తీసుకోమన్నాను.

మేనల్లుడి గేమ్

యాక్టివ్ లిస్టులో అక్క ఎప్పుడూ తెరవని గేమ్ ఒకటుంది. విచారిస్తే తేలింది: ఏడో తరగతి చదివే మేనల్లుడు అక్క ఫేస్‌బుక్‌తోనే లాగిన్ అయ్యాడు. ఫేస్‌బుక్ ఖాతాకు 13 ఏళ్లు నిండాలి కాబట్టి వాడికి సొంతది లేదు. దాంతో గేమ్‌లో ‘లైఫ్’ కావాలని వాడు పంపే రిక్వెస్టులన్నీ అక్క పేరు మీద, అక్క ఫ్రెండ్‌లిస్టులో ఉన్న చీరల గిరాకీలకు వెళ్తున్నాయి. హన్మకొండ నుంచి ప్రతి దసరాకు పట్టుచీర తెప్పించుకునే టీచరమ్మ ఒకావిడ, “మీరు గేమ్ బాగా ఆడుతరటగా” అని నవ్విందట. అక్కకు అప్పుడు అర్థం కాలేదు, ఇప్పుడయింది.

వాడికి టెన్షన్ అంతా లెవెల్ పోతుందనే. “మామా, తీసేస్తే నా లెవెల్ మొత్తం పోతది, తెల్సా?” ఆ భయం ఉత్తది కాదు. గేమ్ ఖాతా ఫేస్‌బుక్ ఒక్కదానికే ముడిపడి ఉంటే, తీసేశాక వేరే ఫోన్‌లో దాన్ని పట్టుకోవడం కష్టం. కాబట్టి వరుస ముఖ్యం. ముందు వాడికి ఫ్యామిలీ లింక్ కింద, అక్క అదుపులో ఉండే గూగుల్ ఖాతా తెరిచాం. తర్వాత గేమ్ సెట్టింగ్స్‌లోకి వెళ్లి ఖాతాను దానికి కూడా ముడిపెట్టాం. గేమ్ లోంచి బయటికొచ్చి, గూగుల్‌తో లాగిన్ అయి, లెవెల్ అలాగే ఉందని వాడి కళ్లతో వాడే చూసుకున్నాక, అప్పుడు అక్క ఫేస్‌బుక్‌లోంచి గేమ్ తీసేశాం. అన్ని గేమ్‌లలోనూ ఇలా రెండో ముడి వేసే సౌకర్యం ఉండదు. లేని గేమ్ అయితే వాడితో బేరం కుదిరేది కాదు.

పిల్లల గేమ్‌లకు ‘ఫేస్‌బుక్‌తో లాగిన్’ వాడనే వద్దని నా అభిప్రాయం. గెస్ట్‌గా ఆడుకోనివ్వండి, లేదంటే గేమ్‌ల కోసమే ఒక ఈమెయిల్ పెట్టండి. కొట్టు నడిచే ఖాతాకూ పిల్లల ఆటకూ లంకె ఉండకూడదు.

గూగుల్ వైపు

మేనకోడలు ఎప్‌సెట్‌కు తయారవుతోంది. దాని ఫోన్ నిండా కోచింగ్ యాప్‌లు, మాక్ టెస్ట్ యాప్‌లు. అన్నిటికీ గూగుల్‌తోనే లాగిన్. గూగుల్ ఖాతాలో ‘థర్డ్ పార్టీ’ యాప్‌ల పేజీ తెరిస్తే అన్నీ వరుసగా ఉన్నాయి, ఎప్పుడో ఫోన్‌లోంచి తీసేసినవీ ఉన్నాయి. ఫోన్‌లోంచి యాప్ తీసేయడం వేరు, ఖాతాకున్న ముడి విప్పడం వేరు.

ఇక్కడ ఒక్క తేడా చూసుకుంటే చాలు. కొన్నిటికి ఉత్త సైన్ ఇన్ మాత్రమే, అంటే పేరు, ఈమెయిల్, ఫోటో. వాటి గురించి తల బద్దలు కొట్టుకోనక్కర్లేదు. కొన్నిటికి మాత్రం డ్రైవ్, కాంటాక్ట్స్, క్యాలెండర్ లాంటి వాటిలోకి ప్రవేశం ఉంటుంది. నోట్స్‌ను పీడీఎఫ్‌గా మార్చే యాప్ ఒకటి డ్రైవ్ మొత్తం చూసే అనుమతి పట్టుకొని కూర్చుంది. మేనకోడలు డ్రైవ్‌లో ఆధార్ స్కాన్, కులం సర్టిఫికెట్, పదో తరగతి మెమో ఉన్నాయి, కౌన్సెలింగ్ కోసం దాచుకున్నవి. ఆ ముడి వెంటనే తెంపాం.

ఫోన్ అనుమతులు ఇంకో సంగతి, త్వరగా కానిచ్చాం. కాంటాక్ట్స్, ఫోటోలు, మెసేజ్‌లు ఏ యాప్‌కు ఇచ్చామో ఆండ్రాయిడ్‌లో పర్మిషన్ మేనేజర్ చూపిస్తుంది. బావ ఫోన్‌లో పాత అప్పు యాప్ ఒకటి కాంటాక్ట్స్ పట్టుకొని ఉంటే పీకేశాం. అప్పులిచ్చే యాప్‌లు ఫోన్‌లోని కాంటాక్ట్స్, ఫైళ్లు, కాల్ లాగ్‌లు ముట్టుకోకూడదని రిజర్వ్ బ్యాంకు 2022 సెప్టెంబరులోనే చెప్పింది. కాంటాక్ట్స్‌కూ ఫోటోలకూ 2023 మే నుంచి గూగుల్ ప్లే కూడా అదే నియమం పెట్టింది. అంతకు ముందు ఇచ్చేసిన అనుమతి ఏదైనా మిగిలిందేమో మనమే చూసుకోవాలి.

డేటా దింపుకోవడం, తెలుగు అక్షరాల గోల

ఇన్నేళ్లలో ఏ యాప్ ఎప్పుడు చేరిందో తేదీలతో కావాలనిపించింది. ఫేస్‌బుక్‌లో మన సమాచారం మొత్తం ఫైలుగా దింపుకోవచ్చు. హెచ్‌టీఎంఎల్, జేసన్ అని రెండు రకాలు అడుగుతుంది. ఎక్సెల్‌లో వేసుకోవడానికి వీలని నేను జేసన్ తీసుకున్నాను.

ఇంగ్లీషు పేర్లు బాగానే ఉన్నాయి. తెలుగు ఉన్నచోటల్లా ఒక్కో అక్షరానికీ బ్యాక్‌స్లాష్, యూ, రెండు సున్నాలు, ఇ, సున్నా, మళ్లీ బ్యాక్‌స్లాష్... అదే వరుస. కంప్యూటర్ అక్షరాలను దాచుకునే పద్ధతి ఒకటి యూటీఎఫ్-8. అందులో ఒక్కో తెలుగు కోడ్‌కు మూడు బైట్లు పడతాయి, మొదటి బైటు ఎప్పుడూ ‘ఇ0’. ఈ ఫైలులో ఆ మూడు బైట్లనూ మూడు వేరే అక్షరాలుగా రాస్తారు. పైథాన్‌లో ఆ మాటను లాటిన్-1గా ఎన్‌కోడ్ చేసి, వెంటనే యూటీఎఫ్-8గా డీకోడ్ చేస్తే తెలుగు తెలుగుగా వచ్చేస్తుంది, ఒక్క లైను పని. ప్రోగ్రామింగ్ జోలికి వెళ్లనివాళ్లు హెచ్‌టీఎంఎల్ తీసుకోండి, నేరుగా బ్రౌజర్‌లో చదువుకోవచ్చు.

అదే చోట ఇంకో సెట్టింగ్ కనిపిస్తుంది, ఫేస్‌బుక్ నడిపే కంపెనీ మెటా బయట మనం చేసే పనులది. ఇప్పటిదాకా చెప్పింది యాప్‌లు ఫేస్‌బుక్ నుంచి తీసుకునే డేటా. ఇది తిరగబడ్డ దారి: బయటి యాప్‌లు, సైట్లు మన గురించి మెటాకు పంపేది. పాతది చెరిపేయొచ్చు, ముందు ముందు ఖాతాకు ముడిపెట్టొద్దని చెప్పొచ్చు. కాకపోతే మొత్తంగా ఆపేస్తే ఫేస్‌బుక్‌తో లాగిన్ అయ్యే యాప్‌లలోకి వెళ్లలేకపోతాం. కాబట్టి ముందు ఆ యాప్‌లకు వేరే లాగిన్ చూసుకొని, ఆ తర్వాతే ఇక్కడికి రండి. బావది చెరిపాం, అక్కది ఇంకా ఉంది.

ఇప్పుడు నడుస్తున్నది: చెరిపించడం

‘రిమూవ్డ్’ లిస్టులోకి వెళ్లి చూస్తే కొన్ని యాప్‌ల దగ్గర డేటా చెరిపేయమని అభ్యర్థన పంపే బటన్ ఉంది. నొక్కితే మన అభ్యర్థన ఆ యాప్ వాళ్లకు వెళ్తుంది, ఎక్కడిదాకా వచ్చిందో చూసుకోవడానికి ఒక కోడ్, ఒక లింకు ఇస్తారు. బటన్ లేనివాటికి వాళ్ల ప్రైవసీ పాలసీలో ఉన్న ఈమెయిల్‌కు రాయాలి. ఆ యాప్‌లో మన యూజర్ ఐడీ నంబరు కూడా జతచేస్తే వాళ్లకు వెతకడం తేలిక. ఖాతా తెరిపించే ఆండ్రాయిడ్ యాప్ ఏదైనా ఆ ఖాతాను చెరిపే దారి కూడా చూపాలని ప్లే స్టోర్ నియమం ఉంది. యాప్ తీసేసినవాళ్ల కోసం వెబ్ లింకు కూడా ఇవ్వాలి. ప్లే స్టోర్‌లో యాప్ పేజీ కిందికి జరిపి ‘డేటా సేఫ్టీ’లో చూడండి.

చట్టం సంగతి కూడా రాస్తాను, బావ అడిగాడు కాబట్టి. 2023లో వచ్చిన డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం ప్రకారం ఒప్పుకున్నంత తేలిగ్గా ఒప్పుకోలు వెనక్కి తీసుకునే వీలుండాలి, డేటా చెరిపేయమని అడిగే హక్కు మనకుంది. 18 ఏళ్ల లోపు పిల్లలకైతే తల్లిదండ్రుల అనుమతి ఉండాలి. నిబంధనలు 2025 నవంబరులో వచ్చాయి. కంపెనీల మీద పడే అసలు బాధ్యతలకు మాత్రం 18 నెలల వ్యవధి ఇచ్చారు. అప్పటిదాకా మనం అడుగుతాం, ఇచ్చేవాళ్లు ఇస్తారు.

ఇచ్చేవాళ్ల సంగతి: పోస్టర్ యాప్ వాళ్లకు హైదరాబాద్ పిల్లాడి పేరు మీదే రాయించాం, ఎందుకంటే ఖాతా అతనిది. కొట్టు లోగో, పాత నంబరు చెరిపేశామని జవాబు వచ్చింది. ప్రశ్నల యాప్‌లలో చాలావాటికి ఇప్పుడు వెబ్‌సైటే లేదు, రాసినా ఉత్తరం తిరిగొచ్చింది. వాటి దగ్గర అక్క వివరాలు ఏమయ్యాయో తెలుసుకునే దారి లేదు, వాటిని లిస్టులో అక్కడికి కొట్టేశాను. గేమ్ వాళ్ల నుంచి ఆటోమేటిక్ జవాబు ఒకటి వచ్చింది, మనిషి రాసింది ఇంకా రాలేదు.

మిగిలిన పనులు: అక్క ఖాతాలో మెటా బయటి డేటా చెరపాలి. ఇన్‌స్టాగ్రామ్‌లోనూ ఇలాంటి ‘యాప్స్ అండ్ వెబ్‌సైట్స్’ లిస్టు విడిగా ఉంటుంది, కొట్టు ఖాతాది ఇంకా తెరవలేదు. పేజీకి రెండంచెల లాగిన్ బావకు పెట్టాం, అక్కకు పెట్టాలి. ఇక మేనల్లుడు కొత్త గూగుల్ ఖాతాతో ఇంకో గేమ్ దింపుకుంటానని అక్క అనుమతి కోసం రిక్వెస్టు పంపాడట. అక్క ఇంకా ఒప్పుకోలేదు, “పరీక్షలయినంక సూద్దాం” అంది.